గోడ అవతలి తేనె

కార్ఖానా మధ్యలో చెక్కగోడని నాన్నా పెద్దనాన్నా కలిసే కట్టారు. విడిపోవడానికి కూడా వాళ్ళకి ఒకరి చెయ్యి ఒకరికి కావలసివచ్చింది. ఒకరు పలక పట్టుకుంటే ఇంకొకరు మేకు దిగ్గొట్టారు. పని అయ్యేదాకా ఇద్దరి మధ్యా ఒక్క మాట లేదు. ఆ గోడకి వేసిన రంగు ఆరకముందే పొత్తుకారు వచ్చిపడింది.

పొత్తుకారు మా ఊరికి ఎలా వస్తుందో చెప్పాలి. ఎండలు బాగా ముదిరాక, వానలకి ఇంకా కొంత వ్యవధి ఉందనగా, ఒకరోజు పడమటి గాలి తిరుగుతుంది. ఆ రోజు నుంచి మొదటి వాన పడేదాకా ఒక ఇంటివాళ్ళందరిదీ ఒకటే నాలుక. ఒకరు ఉప్పు నోట్లో వేసుకుంటే అందరికీ ఉప్పన. తమ్ముడు పళ్ళపొడి వేసుకుంటే అన్న తాగే కాఫీ పాడైపోతుంది. అయితే అందేది రుచి మాత్రమే, తిండి కాదు. కడుపు ఎవరిది వారిదే. అందుకే ఆ కాలంలో బుద్ధి ఉన్న ఇళ్ళల్లో అందరూ ఒకేసారి కూర్చుని ఒకటే తింటారు.

ఒక ఇల్లు అంటే ఏమిటన్నది మాత్రం ఆ గాలికే తెలియాలి. గోడలూ తాళాలూ దానికి పట్టవు. కొందరు కొత్తకోడళ్ళకి కాలు పెట్టిన ఏడాదే రుచి అందుతుంది, కొందరికి ముగ్గురు పిల్లలు పుట్టినా అందదు. మనసులు నిజంగా విడిపోతే రుచి దానంతట అదే తెగిపోతుందని అంటారు. అందుకని మా ఊళ్ళో అన్నదమ్ములు వేరుపడాలంటే కాగితం మీద సంతకాలు చాలవు. పొత్తుకారులో ఆఫీసరు వచ్చి, ఒకరికి చేదు పెట్టి రెండోవారి మొహం చూస్తాడు. మొహం మారకపోతే రుచి తెగినట్టు, ఇల్లు రెండైనట్టు. ఇంట్లో మిగతావాళ్ళ సాక్ష్యం చెల్లదు, పక్షపాతం ఉంటుందని. ఆయన్ని ఊరంతా నాలుకల ఆఫీసరు అంటారు.

మాది గొడుగుల కార్ఖానా. ఊచలూ, కాడా, పిడీ పెద్దనాన్న పని. గుడ్డ కోయడం నాన్న పని. ఆ గుడ్డని ఊచలకి కుట్టడం నా పని. నా సూది కంటే నా నోరు వాడి అని పెద్దనాన్న నన్ను ‘సూదీ’ అని పిలిచేవాడు. ఆ ఏడాది ఆయనకి, మడిచి సంచిలో వేసుకునే చిన్న గొడుగులు చేద్దామన్న ఆలోచన పుట్టింది.

“ఈ రోజుల్లో ఎవడి తల వాడు కాపాడుకుంటే చాల్రా” అన్నాడు.

“గొడుగన్నాక ఇద్దరు పట్టాలి. ఒక్కడికైతే టోపీ చాలు” అన్నాడు నాన్న.

టోపీ దగ్గర మొదలైన మాట తాతముత్తాతల దాకా వెళ్ళింది. మాటా మాటా పెరిగి చివరికి గోడ లేచింది. పెద్దనాన్నకి పెద్ద ఊళ్ళో చిన్న గొడుగుల కంపెనీవాళ్ళు మేస్త్రీ పని ఇస్తామన్నారట. ఆఫీసరు కాగితం చేతికి రావడమే ఆలస్యం, ఇల్లు ఖాళీ చేసి పెద్దమ్మని తీసుకుని వెళ్ళిపోతానన్నాడు.

నాకు ఊహ తెలియకముందే అమ్మ పోయింది. నన్ను పెంచింది పెద్దమ్మ. నాకు చిన్న గొడుగైనా ఒకటే, పెద్ద గొడుగైనా ఒకటే. పెద్దమ్మ వెళ్ళిపోకూడదు, అంతే.

గాలి తిరిగిన రోజు పొద్దున నేను పనిలో ఉండగా నా నాలుక మీదికి అల్లం టీ వచ్చింది. మా వైపు ఎవరూ టీ పెట్టలేదు. అంత అల్లం దంచిపోసేది లోకంలో ఒక్క పెద్దమ్మే. నాకు ప్రాణం లేచివచ్చింది.

“నాన్నా, పెద్దమ్మ టీ! అందుతోంది!”

“ఏ టీ?” నాన్న కత్తెర ఆపలేదు. “నాకేం అందలేదు. నీకు పైత్యం చేసుంటుంది.”

పైత్యం చేస్తే నోరు చేదవుతుంది గానీ అల్లం టీ అవుతుందా? ఆ మాట నేను అనేలోపే గోడ అవతలినుంచి పెద్దనాన్న గొంతు వినిపించింది. పెద్దమ్మతో మాట్లాడుతున్నట్టుగా గోడకి చెబుతున్నాడు.

“ఏమోయ్, మనకేం రుచులూ గిచులూ రావట్లేదు కదా! తెగిపోయింది! పీడా వదిలింది!”

“ఇక్కడా తెగిపోయిందమ్మా!” అని నాన్న నాతో అన్నాడు, వీధి చివరిదాకా వినపడేలా.

ఇద్దరూ అబద్ధమాడుతున్నారని ఇద్దరికీ అనుమానం. అడిగినవాడు ఓడిపోయినట్టు. అందుకని వాళ్ళే పరీక్షలు మొదలుపెట్టారు. మొదట పెద్దనాన్న తన షుగరు మాత్రని మింగడం మానేసి నమలడం మొదలుపెట్టాడు. ఆ చేదుకి నా నోట్లో ఉన్న దారం ముక్క ఎగిరి గుడ్డ మీద పడింది. నాన్న మాత్రం రెప్ప వాల్చకుండా గీసిన గీత తప్పకుండా గుడ్డ కోశాడు. మర్నాడు నాన్న నిమ్మకాయ సగానికి కోసి, చప్పరించి, తొక్కతో సహా నమిలాడు. గోడ అవతల సుత్తి దెబ్బ ఒక్కటి కూడా తడబడలేదు. పెద్దమ్మ మాత్రం “అమ్మో, నా పళ్ళు!” అని అరిచింది. ఆబోతులు పోట్లాడుకుంటే లేగదూడల కాళ్ళు విరిగాయని సామెత. మా ఇంట్లో ఇద్దరు ఆడవాళ్ళ నాలుకలు విరిగాయి.

తర్వాత మిరపకాయ వచ్చింది.

నాన్నకి కడుపులో పుండు. కారం ముట్టుకోవద్దని డాక్టరు చెప్పి చాలా కాలమైంది. అంతకుముందు కారం లేనిదే ముద్ద దిగని మనిషి, అప్పటినుంచీ ఉడికించిన ముక్కలూ మెత్తటి అన్నమూ తిని, ఇది తిండి కాదు శిక్ష అని సణుగుతూ లేచేవాడు. ఈ సంగతి పెద్దనాన్నకి తెలియనిదేం కాదు. ఆ మధ్యాహ్నం మేము భోజనానికి కూర్చున్నామో లేదో, అవతల ఆయన పచ్చిమిరపకాయ కసుక్కున కొరికాడు. నా చెవుల్లోంచి పొగలొచ్చాయి. చెంబెడు నీళ్ళు తాగేశాను. నీళ్ళు నా గొంతులోకి పోయాయి గానీ మంట ఆయన నోట్లో ఉంటే ఎలా ఆరుతుంది?

నాన్న చెయ్యి ముద్దతో సహా గాల్లో ఆగిపోయింది. కళ్ళు మూసుకున్నాడు. కంటి కొసల్లో నీళ్ళు తిరిగాయి. కాసేపటికి కళ్ళు తెరిచి కంచం నా వైపు జరిపాడు.

“ఇంకాస్త పెట్టమ్మా.”

పంతం అంటే ఇదీ అనుకున్నాను. ఏడుస్తూ కూడా రెండోసారి వడ్డించుకుని తిన్నాడు. పెద్దనాన్న మీద నాకు పిచ్చికోపం వచ్చింది. పుండున్న మనిషి మీద కారంతో యుద్ధమా?

మర్నాడు నాన్న బజారుకి వెళ్ళి తేనె సీసా తెచ్చాడు. నాన్నకి తీపి అంటే అసలు పడదు. పెళ్ళిళ్ళలో మిఠాయి పెడితే పక్కవాడి విస్తట్లో వేసే మనిషి.

“నీకెందుకు నాన్నా తేనె?”

“మీ పెద్దనాన్నకి షుగరు. తీపంటే ప్రాణం పెట్టేవాడు, ఇప్పుడు నాకడానికి లేదు. వాణ్ణి ఊరించడాన్ని మించిన శిక్ష ఏముంది? చూస్తూ ఉండు.”

భోజనం అయ్యాక చెంచాడు తేనె నోట్లో వేసుకుని, ఆముదం తాగిన మొహం పెట్టి, మింగకుండా చాలాసేపు అలాగే కూర్చున్నాడు. గోడ అవతల సుత్తి ఆగిపోయింది. తేనె పూర్తిగా కరిగేదాకా మళ్ళీ మోగలేదు. పెద్దనాన్నకి బాగా కాలింది అనుకుని నేను సంతోషించాను. ఇక అది రోజూ జరిగే తంతు అయిపోయింది. ముందు అవతలినుంచి మిరపకాయ, తర్వాత ఇవతలినుంచి తేనె. మాట్లాడుకోని మనుషులు ఇంత టైము ప్రకారం పోట్లాడుకోవడం నేనెక్కడా చూడలేదు.

గోడ ఉన్నా వానలు ఆగవు కదా. గొడుగులు కావాలని కొట్లవాళ్ళు ముందే చెప్పి ఉంచారు. ఊచలు అవతల, గుడ్డ ఇవతల. గోడకి తలుపు పెట్టాలన్న తెలివి ఇద్దరికీ లేకపోయింది. పెద్దనాన్న చేసిన ఊచలన్నీ బండిలోకెక్కి, వీధి చుట్టూ తిరిగి, మా గుమ్మం ముందు దిగేవి. రెండు చేతుల దూరానికి ఊరంతా ఊరేగింపు. గొడుగుల ఇంటి గొడవ చూడటానికి జనం అరుగుల మీద కూర్చునేవారు. ఖాళీ బండి తిరిగి వెళ్ళేటప్పుడు నేను ఎక్కి కూర్చుని పెద్దమ్మ దగ్గరికి వెళ్ళేదాన్ని.

ఒకరోజు వెళ్ళేసరికి పెద్దమ్మ గిన్నెలన్నీ గోనెసంచుల్లో సర్దుతోంది. నాకు చిన్నప్పుడు పాలు పట్టిన గిన్నె కూడా అందులో ఉంది. చూడగానే నాకు ఏడుపు ఆగలేదు.

“ఊరుకోవే. ఇంకా ఆఫీసరే రాలేదు” అంది పెద్దమ్మ, తన కళ్ళు కూడా తుడుచుకుంటూ. “రుచి అందుతోందని నేను మొత్తుకుంటే మీ పెద్దనాన్న వింటేగా? నీ నాలుకకి చాదస్తం అంటాడు.”

“ఆ మిరపకాయలైనా మానమని చెప్పు. నాన్న చచ్చిపోతున్నాడు.”

“ఆయన మాత్రం బతుకుతున్నాడా? పుట్టి బుద్ధెరిగి కారం తిన్న మనిషి కాదు. తిన్నాక గంటసేపు కక్కాలో మింగాలో తెలియక గిలగిల్లాడతాడు.” పెద్దమ్మ గిన్నె పక్కన పెట్టి గొంతు తగ్గించింది. “కానీ అవి ఏరేటప్పుడు చూడాలే. బజారుకి నన్ను పంపడు, తనే వెళ్తాడు. ఒక్కొక్క కాయనీ వాసన చూసి, తుంచి చూసి, పెళ్ళికూతుర్ని ఎంచినట్టు ఎంచుతాడు. ‘ఇది ఉత్త మంట, ఇందులో రుచి లేదు’ అని కొట్టువాడితో పేచీ. పగ తీర్చుకునే కాయకి రుచి ఎందుకో నాకర్థం కాలేదు.”

నాకూ అర్థం కాలేదు. అప్పటికి నాకు కోపం తప్ప ఇంకేం కనపడటం లేదు.

మబ్బులు పట్టడం మొదలయ్యాక, ఇక ఇవాళో రేపో వాన అనగా నాలుకల ఆఫీసరు వచ్చాడు. బక్కపలచటి మనిషి. వెంట చిన్న సీసాల పెట్టె మోసుకుంటూ గుమాస్తా. ఆఫీసరు కుర్చీలో కూర్చోగానే ముక్కు చిట్లించాడు.

“ఏమీ అనుకోకండి. మా ఆవిడ ఇంట్లో ఉల్లిపాయలు వేయించుకుని తింటోంది. ఈ ఉద్యోగంలో అదే కష్టం, డ్యూటీలో ఉన్నానని ఎంత చెప్పినా వినదు.”

గుమాస్తా పెట్టె పట్టుకుని వీధి చుట్టూ తిరిగి అవతలికి వెళ్ళాడు. పెద్దనాన్న నోట్లో ఒక్కొక్కటీ వేసి గోడ మీద తట్టాడు. ఆఫీసరు నాన్న మొహంలోకి మొహం పెట్టి చూశాడు. చేదు వచ్చింది. పులుపు వచ్చింది. ఎండుకారం వచ్చింది. నాన్న మొహం గోడకి కొట్టిన పలకలా ఉంది. వెనక నిలబడ్డ నేను మాత్రం కొంగు నోట్లో కుక్కుకుని ఏడుస్తున్నాను, సగం కారానికి, సగం దుఃఖానికి.

తర్వాత ఆఫీసరు అవతలికి వెళ్ళాడు, గుమాస్తా ఇవతలికి వచ్చాడు. ఈసారి తినడం నాన్న వంతు. పెద్దనాన్న మొహం కూడా కదల్లేదని, ఆఫీసరు తిరిగి వచ్చినప్పుడు ఆయన మొహం చూస్తేనే తెలిసిపోయింది. ఇన్ని వారాలుగా మాత్రలూ నిమ్మకాయలూ తిని రాటుదేలిన మొహాలు. మామూలు చేదుకి లొంగుతాయా? ఇద్దరూ చేసుకున్న సాధన నాకు అప్పుడు తెలిసొచ్చింది, పెద్దమ్మని పోగొట్టుకోబోయేముందు.

“తెగినట్టే కనపడుతోంది” అని ఆఫీసరు కాగితం తీసి తాపీగా రాయడం మొదలుపెట్టాడు. అతని అక్షరాలు గుండ్రంగా, ఓపిగ్గా ఉన్నాయి. ఒక్కో అక్షరానికీ నా గుండె ఒక మెట్టు దిగుతోంది. నాన్న చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. ఒకసారి అలమారలో ఉన్న తేనె సీసా వైపు చూసి, వెంటనే తల తిప్పుకున్నాడు. మామూలుగా అయితే అప్పటికి భోజనం అయిపోయి, చెంచా నోట్లో ఉండే వేళ.

గోడ అవతల ఎవరో దగ్గారు. కుర్చీ జరిగిన చప్పుడయింది. అడుగులు గోడ దాకా వచ్చాయి, వెనక్కి వెళ్ళాయి, మళ్ళీ వచ్చాయి. ఆఫీసరు రాయడం ముగించి ముద్ర మీద ఊపిరి ఊదాడు.

“ఏరా!” అన్నాడు పెద్దనాన్న. “ఇవాళ తేనె తినలేదేం?”

ముద్ర గాల్లోనే ఆగింది.

“నిన్నేరా! ఒంట్లో బాగాలేదా? వాళ్ళు పెట్టిన ఆ కారానికి కడుపునొప్పి గానీ వచ్చిందా? చెప్పి చావొచ్చు కదా!”

నాన్న ఆఫీసరు వైపు చూడలేదు. గోడ వైపే చూశాడు.

“బాగానే ఉందన్నయ్యా. పరీక్ష కదా అని ఇవాళ మానేశాను.”

“పరీక్ష అయిపోయిందిగా, ఇంకా ఎందుకు ఆలస్యం? పొద్దున్నుంచీ ఆ దరిద్రపు రుచులకి నా నోరు...”

అక్కడ పెద్దనాన్న ఆగిపోయాడు. తర్వాత మెల్లగా “అయ్యో” అన్నాడు. ఆ వెంటనే పెద్దమ్మ నవ్వు వినిపించింది. కడుపు పట్టుకుని, గోడకి ఆనుకుని నవ్వుతోంది. పలకలు అదురుతున్నాయి.

ఆఫీసరు ముద్రని గుడ్డతో తుడిచి పెట్టెలో పెట్టేశాడు. రాసిన కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి జేబులో దోపుకున్నాడు.

“చేదుకి మొహం మార్చనివాళ్ళని చాలామందిని చూశాను. తీపి రాలేదని కంగారుపడ్డవాళ్ళని ఇదే చూడటం” అన్నాడు. “నేను బయల్దేరతాను. ఉల్లిపాయలు అయిపోయి మా ఆవిడ వంకాయ మొదలుపెట్టింది, నాకు ఆకలి దంచేస్తోంది.”

నేను సీసా మూత తీసి చెంచా నిండా తేనె పోసి నాన్న చేతికి ఇచ్చాను. నాన్న ఎప్పటిలాగే ఆముదం మొహం పెట్టి నోట్లో వేసుకున్నాడు. తీపి నా నాలుక మీద కూడా పరుచుకుంది. అన్ని రోజులూ దాన్ని శిక్ష అనుకునే భరించాను. ఆ రోజే మొదటిసారి దాని రుచి చూశాను.

“ఆఁ...” అన్నాడు అవతలినుంచి పెద్దనాన్న. “ఇది నిన్నటి సీసా కాదు.”

“కొత్తది. అదే కొట్టు.”

“బాగుంది.” కాస్త ఆగి, “రేపటికి పొడుగు కాయ తేనా, పొట్టి కాయ తేనా?” అని అడిగాడు.

“పొట్టిదే అన్నయ్యా. దానికి ఘాటుంటుంది” అన్నాడు నాన్న. “అది తగిలిన రోజు రెండు ముద్దలు ఎక్కువ తింటున్నాను.”

నాకు తల తిరిగిపోయింది. కడుపులో మంట పెద్దనాన్నది, రుచి నాన్నది. తేనె నాన్న కడుపులోకి, తీపి పెద్దనాన్న నాలుక మీదికి. పుండుకీ తెలియదు, షుగరుకీ తెలియదు. నా కళ్ళ ముందే ఇంత జరుగుతుంటే, నోరు వాడి అని పేరు తెచ్చుకున్న నేను దాన్ని యుద్ధం అనుకున్నాను.

“ఎప్పట్నించి నాన్నా ఈ నాటకం?” అని అడిగాను.

“మొదటి రెండు రోజులూ నిజంగానే కోపం” అన్నాడు నాన్న, నిజాయితీగా.

ఆ సాయంత్రం పెద్దనాన్న రంపం తీసుకుని గోడకి అవతలినుంచి తలుపు కోయడం మొదలుపెట్టాడు. నాన్న ఇవతలినుంచి పలక కదలకుండా పట్టుకున్నాడు. మొత్తం గోడ పీకేయొచ్చు కదా అంటే ఇద్దరూ ఒక్కటై నా మీద పడ్డారు. మంచి చెక్కట, వృథా చేస్తామా అన్నారు. ఇంకా రంపపు పొట్టు దులపకుండానే పెద్దమ్మ ఆ కంతలోంచి దూరి వచ్చి, నా పాలగిన్నెని మా అలమారలో పెట్టింది.

“ఇది ఇక్కడే ఉండనీ. మాటిమాటికీ సర్దడం నావల్ల కాదు” అంది.

పెద్ద ఊరి కంపెనీకి పెద్దనాన్న జవాబు కూడా రాయలేదు. చిన్న గొడుగు పిచ్చి మాత్రం వదల్లేదు. ఆయన పోరు పడలేక నాన్న ఒక గుడ్డ కోసిచ్చాడు. కోస్తున్నంతసేపూ “ఇది పిచ్చుకకి గొడుగు” అని గొణుగుతూనే ఉన్నాడు.

మొదటి వాన ఒక మధ్యాహ్నం, మేం నలుగురం భోజనం చేస్తుండగా పడింది. పొట్టి మిరపకాయ ఘాటు నాలుక మీద ఉన్నట్టుండి ఆరిపోయింది. నా నోట్లో నా అన్నం ముద్ద ఒక్కటే మిగిలింది. నాన్న కంచంలోకి చూస్తూ కూర్చున్నాడు. పెద్దనాన్న కొరికిన మిరపకాయని మెల్లగా పక్కన పెట్టాడు. బయట వాన హోరెత్తుతోంది. గొడుగుల వ్యాపారం చేసే ఇంట్లో వాన చూసి మొహాలు వేలాడేసుకోవడం అదే మొదటిసారి అనుకుంటాను.

పెద్దమ్మ కంచాలు తీసేసింది. పొత్తుకారు పోయింది కదా, ఇక తేనె సీసా ఎందుకని నేను దాన్ని పై అరలో పెట్టబోయాను.

“ఇలా తే” అన్నాడు నాన్న.

చెంచా నింపుకుని నోట్లో వేసుకున్నాడు. ఎవరికీ అందలేదు. ఆ తీపి పడని మనిషి ఒక్కడి నోట్లోనే ఉంది.

“ఎలా ఉందిరా?” అని అడిగాడు పెద్దనాన్న.

“తియ్యగా ఉంది.”

“అది నాకూ తెలుసు. సరిగ్గా చెప్పు.”

నాన్న తక్కువ మాటల మనిషి. చాలాసేపు ఆలోచించాడు. “మొదట నాలుక చివర పట్టుకుంటుంది అన్నయ్యా. తర్వాత మెల్లగా పక్కలకి జారుతుంది. జారేటప్పుడు కొంచెం వగరు. గొంతు దగ్గరికి వచ్చేసరికి సన్నగా గీరుతుంది. అప్పుడు, మనం చిన్నప్పుడు దొంగతనంగా తిన్నామే, ఆ తేనె వాసన వస్తుంది.”

పెద్దనాన్న గోడకి ఆనుకుని కళ్ళు మూసుకున్నాడు.

“ఊఁ. తర్వాత?”

నాన్న ఆముదం తాగిన మొహంతో ఇంకో చెంచా పోసుకున్నాడు.